నెల్లూరు పఠాభి, కన్నడ ‘సంస్కార’, మన హాలు గోడ



పోయిన నెల కమిటీ మీటింగులో హాలు గోడ మీది పటాల సంగతి వచ్చింది కదా. త్యాగరాజస్వామి, సర్వేపల్లి రాధాకృష్ణన్, పొట్టి శ్రీరాములు, ఘంటసాల ఇదివరకే ఉన్నారు. స్విచ్చి బోర్డు పక్కన ఇంకొక పటానికి చోటుంది. ఎవరిని పెడదామని అడిగితే మేము పఠాభి పేరు చెప్పాం. కాసేపు ఎవరూ మాట్లాడలేదు. తరువాత ఒకరు “పట్టాభి సీతారామయ్యా? ఆంధ్రా బ్యాంకు పెట్టిన ఆయనా?” అన్నారు. కాదు, సినిమాలు తీసిన ఆయన అన్నాం. “ఏం సినిమా తీశాడు?” అంటే ‘సంస్కార’ అని చెప్పాం. “అది కన్నడ సినిమా కదప్పా. అయితే కన్నడ సంఘం వాళ్ళు పెట్టుకోవాలి, మనకెందుకు?” అన్నారు ఒక పెద్దాయన. ఇంకొకరు “అది ఒక కులాన్ని తిట్టిన సినిమా అంట, లేనిపోని గొడవ” అన్నారు. అంతటితో టీ వచ్చింది, మాట ఆగిపోయింది. వెళ్ళేటప్పుడు కార్యదర్శి “అన్నా, ఆయన గురించి వివరంగా రాసి పెట్టు, చదివి చెప్తాం” అన్నాడు. అందుకే ఇది రాస్తున్నాం.

మేము చదివింది తమిళ మీడియం. తెలుగు అక్షరాలు ఇంట్లో అమ్మ దగ్గర, పాత చందమామల్లో నేర్చుకున్నవే. ఒత్తులు, దీర్ఘాలు తప్పితే పెద్దలు దిద్దండి. ఈ కథ అంతా ఒక తెలుగువాడు వేరే భాషలో బ్రతకడం గురించినదే కాబట్టి మా తెలుగు ఇలా ఉండటం కూడా దానికి సరిపోతుందని ధైర్యం.

నెల్లూరులో మొదలు

ఆయన పూర్తి పేరు తిక్కవరపు పట్టాభిరామ రెడ్డి. 1919 ఫిబ్రవరి 19న నెల్లూరులో, కలిగిన కుటుంబంలో పుట్టారు. అప్పటికి నెల్లూరు, మనం ఉన్న ఈ ఊరు, రెండూ ఒకే మద్రాసు రాజధానిలో ఉండేవి. శాంతినికేతన్‌లో టాగూర్ నీడన ఉన్నారు, కలకత్తాలో ఇంగ్లీషు సాహిత్యం చదివారు. న్యూయార్కులోని కొలంబియా విశ్వవిద్యాలయానికి కూడా వెళ్ళారు. రెండో ప్రపంచ యుద్ధం రావడంతో అక్కడి చదువు సాగలేదు, తిరిగి వచ్చేశారు.

సినిమాల కంటే ముందు ఆయన కవి. 1939లో, ఇరవై ఏళ్ళ వయసులో ‘ఫిడేలు రాగాల డజన్’ అని పుస్తకం వేశారు. పేరులోనే ఉంది, పన్నెండు పద్యాలు. దానికి ముందుమాట రాసింది శ్రీశ్రీ. శ్రీశ్రీ ‘మహాప్రస్థానం’ పుస్తకంగా రావడానికి ఇంకా పదకొండేళ్ళు ఉంది. ఛందస్సు లేకుండా రాయడమే అప్పటికి పెద్ద సాహసం. ఈయన దానితో ఆగలేదు. పట్నంలో మనుషులు మాట్లాడే ఇంగ్లీషు మాటలు, వీధి మాటలు తెచ్చి పద్యంలో కలిపారు. వ్యాకరణం తెలిసిన పండితుల మీదికి కర్ర ఎత్తినంత పని చేశారు. కోపం వచ్చినవాళ్ళకు కోపం వచ్చింది, నవ్వుకున్నవాళ్ళు నవ్వుకున్నారు. తెలుగు కవిత్వ చరిత్ర రాసేవాళ్ళు మాత్రం ఆ సన్న పుస్తకాన్ని దాటి వెళ్ళలేరు.

పఠాభి అన్నది ఆయన కలం పేరు. తన పేరును తానే అలా మెలిపెట్టుకున్నారు. చాలా ఏళ్ళ తరువాత ‘కయిత నా దయిత’, ‘పఠాభి పన్‌చాంగం’ అని ఇంకో రెండు పుస్తకాలు వచ్చాయి. రెండోది పంచాంగం కాదు, ‘పన్‌’చాంగం. శ్లేషలతో ఆడుకోవడం ఆయనకు ముసలితనంలోనూ పోలేదు.

మద్రాసులో సినిమా

ఇక సినిమా. ‘పాతాళభైరవి’, ‘మాయాబజార్’ తీసిన కె.వి. రెడ్డి గారు మనందరికీ తెలుసు. విజయా సంస్థకు బయట ఆయన జయంతి పిక్చర్స్ పేరుతో కూడా సినిమాలు చేశారు. ఆ జయంతి పిక్చర్స్ నిర్మాణంలో పఠాభి ఉన్నారు. 1958లో ‘పెళ్ళినాటి ప్రమాణాలు’. నాగేశ్వరరావు, జమున నటించారు. ఆ ఏడాది ఉత్తమ తెలుగు చిత్రంగా రాష్ట్రపతి రజత పతకం వచ్చింది. 1963లో ‘శ్రీకృష్ణార్జున యుద్ధము’. రామారావు, నాగేశ్వరరావు ఇద్దరూ ఒకే సినిమాలో. 1968లో ‘భాగ్యచక్రము’, రామారావు, బి. సరోజాదేవి.

కాబట్టి “ఆయన తెలుగు సినిమాకు ఏం చేశాడు?” అని అడిగిన పెద్దాయనకు మొదటి జవాబు ఇదే. మీరు జోలార్‌పేటలో టెంట్ కొట్టాయిలో, నేల మీద కూర్చుని, రెండు సార్లు చూశానని చెప్పుకునే ‘శ్రీకృష్ణార్జున యుద్ధము’ వెనక ఉన్నది ఈ మనిషే.

మేము రైల్వే పార్సెల్ ఆఫీసులో గుమాస్తాగా చేసిన రోజుల్లో సినిమా పెట్టెలు బండిలోనే వచ్చేవి. గుండ్రటి రీళ్ళు పెట్టిన రేకు పెట్టెలు, పైన తెల్ల పెయింటుతో సినిమా పేరు. బండి ఆలస్యమైతే థియేటరు మనుషులు ప్లాట్‌ఫారం మీద చేతులు నలుపుకుంటూ నిలబడేవారు. బ్రేక్‌వ్యాను తెరిచీ తెరవక ముందే సంతకం పెట్టి పెట్టెను సైకిలు మీద వేసుకుని పరుగెత్తేవారు. అంత సర్వీసులో మా చేతుల మీదుగా ఎన్ని పెట్టెలు వెళ్ళాయో లెక్క లేదు. ‘సంస్కార’ అని రాసిన పెట్టె ఒక్కటి కూడా మేము చూడలేదు. ఆ జాతి సినిమాలు మన ఊళ్ళ దాకా వచ్చేవి కావు. అందుకే మన మీటింగులో ఆ పేరు చెబితే అందరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. తప్పు మనది మాత్రమే కాదు.

‘సంస్కార’ ఎలా తయారైంది

రామారావు, నాగేశ్వరరావు సినిమాలకు డబ్బు పెట్టినవాడు దాని తరువాత ఏం చేస్తాడు? ఇంకొక రామారావు సినిమా తీస్తాడు. ఈయన అలా చేయలేదు. యాభై దాటాక, మొదటిసారి తానే దర్శకుడై, తనకు పుట్టు భాష కాని కన్నడంలో, ఒక శవం చుట్టూ తిరిగే కథను తీశారు.

ఆ నవల రాసింది యు.ఆర్. అనంతమూర్తి. ఇంగ్లండులో బర్మింగ్‌హామ్‌లో పరిశోధన చేస్తున్నప్పుడు బెర్గ్‌మన్ అనే స్వీడన్ దర్శకుడి ‘సెవెంత్ సీల్’ సినిమా చూసి, ఆ కదలికలో ఈ నవల రాశారు. 1965లో వచ్చింది. అప్పుడు మద్రాసులో ఒక గుంపు ఉండేది. ఇంగ్లీషు నాటకాలు వేసే మద్రాస్ ప్లేయర్స్. దాని స్థాపకుల్లో పఠాభి భార్య స్నేహలత ఒకరు. గిరీశ్ కర్నాడ్ ఆ రోజుల్లో మద్రాసులోనే ఆక్స్‌ఫర్డ్ యూనివర్సిటీ ప్రెస్‌లో ఉద్యోగం చేస్తూ ఈ గుంపుతో నాటకాలు ఆడేవారు. అంటే కన్నడ సినిమాకు కొత్త దారి వేసిన ‘సంస్కార’కు సగం ఊపిరి మన మద్రాసులో పోసిందే.

స్క్రీన్‌ప్లేలో కర్నాడ్ చేయి ఉంది, ప్రాణేశాచార్యుల పాత్ర కూడా ఆయనదే. అంతకు ముందు ఆయన ఏ సినిమాలోనూ నటించలేదు. చచ్చిపోయే నారణప్ప వేషం కన్నడ రచయిత పి. లంకేశ్‌ది. చంద్రి వేషం స్నేహలత వేశారు. కెమెరా టామ్ కోవన్ అనే ఆస్ట్రేలియా మనిషి. కళా దర్శకుడు ఎస్.జి. వాసుదేవ్, మద్రాసు పక్కన చోళమండలం కళాకారుల ఊరిలో ఉన్న చిత్రకారుడు. సంగీతం రాజీవ్ తారానాథ్, అలీ అక్బర్ ఖాన్ శిష్యుడు, సరోద్ వాద్యకారుడు. వీళ్ళలో దాదాపు అందరూ సినిమా పనికి కొత్తవాళ్ళే. శృంగేరి దగ్గర వైకుంఠపుర అనే పల్లెలో, స్టూడియో సెట్టు లేకుండా, ఊరి ఇళ్ళలోనే తీశారు. నలుపు తెలుపు సినిమా. డ్యూయెట్ లేదు, ఫైటు లేదు. అయిన ఖర్చు లక్ష రూపాయల లోపే.

సినిమా తీసిన సంస్థ పేరు రామమనోహర చిత్ర. ఇది రాముడి మీద భక్తితో పెట్టిన పేరు కాదు. సోషలిస్టు నాయకుడు రామ్ మనోహర్ లోహియా పేరు. పఠాభి, స్నేహలత ఇద్దరూ లోహియా మనుషులు. కులం పోకుండా ఈ దేశంలో ఏదీ మారదని లోహియా చెప్పేవారు. 1967లో ఆయన పోయారు. మూడేళ్ళకు ఆయన పేరున్న సంస్థ నుంచి ఈ సినిమా వచ్చింది.

కథ

చూడనివాళ్ళ కోసం కథ చెప్తాం. దుర్వాసపురం ఒక మాధ్వ బ్రాహ్మణ అగ్రహారం. అందులో నారణప్ప అనేవాడు ఆచారం అంతా వదిలేశాడు. మాంసం తింటాడు, తాగుతాడు, గుడి కోనేట్లో చేపలు పడతాడు, చంద్రి అనే తక్కువ కులం ఆమెను ఇంట్లో పెట్టుకుని బ్రతుకుతాడు. ఒకరోజు జ్వరం వచ్చి చచ్చిపోతాడు. పిల్లలు లేరు. ఇప్పుడు కర్మ ఎవరు చేయాలి? చేస్తే మైల, చేయకపోతే శవం లేచేదాకా ఊళ్ళో ఎవరూ అన్నం తినకూడదు. చంద్రి తన ఒంటి మీది బంగారం తీసి “దీంతో కానివ్వండి” అంటుంది. అప్పుడు నిన్నటి దాకా వద్దన్నవాళ్ళకే ఆశ పుడుతుంది. అందరికంటే చదువుకున్న ప్రాణేశాచార్యులు గ్రంథాలు తిరగేస్తాడు, జవాబు దొరకదు. ఆంజనేయస్వామి గుడికి వెళ్ళి అడుగుతాడు, స్వామి పలకడు. ఆ రాత్రి అడవిలో చంద్రి ఎదురవుతుంది. అక్కడి నుంచి ఆచార్యుడి నేల కూడా కదిలిపోతుంది. ఊళ్ళో ఎలుకలు పడి చస్తుంటాయి, గద్దలు దిగుతుంటాయి. వచ్చింది ప్లేగు. నవలలో చివరికి ఆ శవాన్ని కాల్చింది ఎవరనుకున్నారు? చేపలు అమ్ముకునే ఒక ముస్లిం. అగ్రహారం వాళ్ళు ధర్మం వెతుకుతూనే ఉన్నారు.

సంస్కారం అంటే రెండు అర్థాలు కదా. చచ్చినవాడికి చేసేది ఒకటి, బ్రతికినవాడికి ఉండవలసింది ఒకటి. కథ ఆ రెండింటి నడుమ నడుస్తుంది.

మద్రాసు సెన్సారు వాళ్ళు ఈ సినిమాను ఆపేశారు. కులాల మధ్య గొడవలు వస్తాయని భయం. తరువాత పై స్థాయిలో అనుమతి దొరికి విడుదలైంది. 1970 సంవత్సరానికి జాతీయ ఉత్తమ చిత్రం బహుమతి దానికే వచ్చింది. కన్నడ సినిమాకు ఆ బహుమతి అదే మొదలు. స్విట్జర్లాండులో లొకార్నో ఉత్సవంలో కూడా బహుమతి వచ్చింది. గొడవలు వస్తాయని ఒక చోట ఆపినదాన్నే దేశం ఇంకొక చోట నెత్తిన పెట్టుకుంది. మరుసటి ఏడాది కర్నాడ్, బి.వి. కారంత్ కలిసి ‘వంశవృక్ష’ తీశారు. 1975లో కారంత్ ‘చోమన దుడి’, 1977లో గిరీశ్ కాసరవళ్ళి ‘ఘటశ్రాద్ధ’ మళ్ళీ జాతీయ ఉత్తమ చిత్రాలయ్యాయి. ఏడెనిమిదేళ్ళలో కన్నడానికి మూడు. ఆ వాకిలి తీసింది నెల్లూరు మనిషి.

మేము చూసిన రోజు, తరువాత చూసిన ఇంకొక రోజు

దూరదర్శన్‌లో ఆదివారం మధ్యాహ్నం ప్రాంతీయ భాషా చిత్రాలు వేసే కాలం ఉండేది. అలా ఒక ఆదివారం మేము ‘సంస్కార’ చూశాం. క్వార్టర్సులో టీవీ ఉన్న ఇల్లు మాదే. పక్కింటివాళ్ళు పాటలు లేవని పావుగంటకు లేచి వెళ్ళిపోయారు. మా నాన్న, మేము చివరిదాకా కూర్చున్నాం. నాన్న కూడా రైల్వేనే, పాయింట్స్‌మన్. ఆయన అన్న మాట ఒక్కటే. “శవాన్ని పెట్టుకుని ఇంత మాట్లాడతారా మనుషులు?” మేము కూడా ఆహా అన్నాం. ఆ అగ్రహారం వాళ్ళను తిట్టుకున్నాం. మనం అలాంటివాళ్ళం కాదనుకున్నాం.

ఇప్పుడు చెప్పేది రాయాలా వద్దా అని రెండు రోజులు ఆలోచించాం. పాత సభ్యులకు గుర్తుంటుంది. ఇరవై ఏళ్ళు దాటింది. మన సంఘంలో ఒకతను ఉండేవాడు, మోటారు మెకానిక్కు. ఇల్లు వదిలి, వేరే కులం ఆమెతో, తాళి లేకుండా కాపురం పెట్టాడు. చందా కట్టడం మానేశాడు, మూడేళ్ళ బాకీ. ఒక రాత్రి గుండె ఆగి పోయాడు. పొద్దున ఏడు గంటలకు ఆమె మన ఆఫీసుకు వచ్చింది. సభ్యుడు పోతే మనం అంత్యక్రియల నిధి నుంచి డబ్బు ఇస్తాం, మనుషులను పంపుతాం కదా, అది అడగడానికి.

కమిటీ కూర్చుంది. చందా బాకీ ఉంటే సభ్యుడేనా? నిధి రక్తసంబంధీకులకే ఇవ్వాలని నియమంలో ఉంది, ఈమె ఎవరు? అన్నదమ్ములకు ఫోను చేశాం. ఒకరు తీయలేదు, ఇంకొకరు తీసి మాకు సంబంధం లేదన్నారు. ఇచ్చి పంపితే రేపు మన ఇళ్ళలో పెళ్ళి సంబంధాలు చూసేటప్పుడు మాట వస్తుందని ఒకరు. ఇవ్వకపోతే బాగుండదని ఒకరు. ఆమె బయట బెంచీ మీద కూర్చునే ఉంది. చెవి కమ్మలు తీసి చేతిలో పట్టుకుని లోపలికి ఒకసారి చూసింది, అవి తాకట్టు పెట్టి ఇస్తానని అడగడానికి. మేము అప్పుడు కోశాధికారి పక్కన కూర్చుని రసీదు పుస్తకం తిరగేస్తున్నాం. బాకీ ఎన్ని నెలలో లెక్క సరిగా తేల్చుదామని. సాయంత్రం నాలుగు గంటలకు కబురు వచ్చింది. అతని షెడ్డు పక్కన ఆటో స్టాండులో ఉండేవాళ్ళు తలా కొంత వేసుకుని తీసుకెళ్ళిపోయారని. అందులో తెలుగువాళ్ళు ఒక్కరూ లేరు. మన మీటింగు అప్పటికీ ముగియలేదు.

సినిమా చూసి ఆహా అన్న మనుషులమే. అప్పుడు ఎవరికీ ఆ సినిమా గుర్తు రాలేదు. మాకూ రాలేదు. చాలా రోజుల తరువాత, ఒక రాత్రి నిద్రలో ఆ కమ్మలు కనపడితే చంద్రి గుర్తొచ్చింది. “అది ఒక కులాన్ని తిట్టిన సినిమా” అని మొన్న అన్నారే, ఆ మాటకు మా జవాబు ఇది. అది ఒక కులాన్ని తిట్టిన సినిమా కాదు. నియమాల పుస్తకం తెరిచి పెట్టుకుని, శవాన్ని మరిచిపోయే ఏ గుంపు గురించైనా తీసిన సినిమా. మన గురించి కూడా.

స్నేహలత

పఠాభి గురించి రాసి స్నేహలత గారి గురించి రాయకపోతే ఈ వ్యాసం సగమే. క్రైస్తవ కుటుంబంలో 1932లో పుట్టారు. నాటకం, నటన, రాజకీయం మూడూ ఆమెకు ఒకటే. జార్జి ఫెర్నాండెస్‌కు ఈ దంపతులు మిత్రులు. 1974 మేలో రైల్వే సమ్మె నడిపించిన ఫెర్నాండెస్ పేరు రైలు క్వార్టర్సుల్లో పెరిగిన పిల్లలకు చెప్పవలసిన పని లేదు. ఆ ఇరవై రోజులు మా నాన్న కూడా సమ్మెలోనే ఉన్నారు.

1975 జూన్ 25న ఎమర్జెన్సీ వచ్చింది. ఫెర్నాండెస్ అజ్ఞాతంలోకి వెళ్ళారు. బరోడా డైనమైట్ కేసు పేరుతో పోలీసులు ఆయన మిత్రులను పట్టుకోవడం మొదలుపెట్టారు. 1976 మే 2న స్నేహలతను అరెస్టు చేశారు. బెంగళూరు సెంట్రల్ జైలులో పెట్టారు. చివరికి వేసిన ఛార్జిషీటులో ఆమె పేరే లేదు. అయినా విచారణ లేకుండా ఎనిమిది నెలలు లోపలే ఉంచారు. ఆమెకు తీవ్రమైన ఉబ్బసం. జైలులో అది ముదిరింది, సరైన వైద్యం అందలేదు. అదే జైలులో ఉన్న మధు దండవతే, రాత్రి నిశ్శబ్దంలో ఆమె కేకలు తన గదికి వినపడేవని తరువాత రాశారు. ఆ దండవతే గారే 1977లో రైల్వే మంత్రి అయ్యారు.

అంత జబ్బులోనూ ఆమె తోటి ఆడ ఖైదీల కోసం కొట్లాడారు, వాళ్ళ చేత పాటలు పాడించి నాటకాలు ఆడించారు. జైలులో రాసుకున్న డైరీ తరువాత పుస్తకంగా వచ్చింది. 1977 జనవరి 15న, ఒంట్లో ఏమీ మిగలని స్థితిలో, పెరోలు మీద వదిలారు. జనవరి 18న ఎన్నికలు ప్రకటించారు. జనవరి 20న ఆమె పోయారు. వయసు 44, 45.

ఏడేళ్ళ ముందు తెర మీద ఆమె చంద్రి. పెద్దమనుషులు వాదించుకుంటుంటే వాకిట్లో నిలబడి, చచ్చినవాడికి కావలసింది చేయండి అని అడిగిన మనిషి. బయట కూడా ఆమె అలాగే అడిగింది, దానికి ఖరీదు కట్టింది.

ఆ తరువాత

1977లోనే పఠాభి రెండో సినిమా ‘చండమారుత’ వచ్చింది. లంకేశ్ రాసిన ‘క్రాంతి బంతు క్రాంతి’ నాటకం దానికి ఆధారం. విప్లవం వచ్చింది విప్లవం అని ఆ పేరుకు అర్థం. 1984లో ‘శృంగార మాస’. 1993లో ‘దేవర కాడు’. దేవుడి అడవి అని అర్థం. అడవిని నమ్ముకున్న మనుషులు, ఆ అడవి పోవడం గురించిన సినిమా. పర్యావరణ పరిరక్షణ మీద ఉత్తమ చిత్రంగా దానికి జాతీయ బహుమతి వచ్చింది. అప్పటికి ఆయనకు డెబ్భై నాలుగేళ్ళు. రిటైరై రెండేళ్ళకే “ఇక మా వల్ల ఏమవుతుంది” అనే మాలాంటివాళ్ళు ఈ లెక్క ఒకసారి చూసుకోవాలి. యాభై ఒకటో ఏట మొదటి సినిమా, డెబ్భై నాలుగులో నాలుగోది.

మొత్తం దర్శకత్వం చేసినవి నాలుగే. ఏదీ ఎవరో పెద్ద సంస్థ పిలిచి డబ్బిచ్చి తీయించింది కాదు. అందుకే నడుమ అన్నేళ్ళ ఎడం. కుమార్తె నందన పనిపిల్లల హక్కుల కోసం బెంగళూరులో సంస్థ నడిపారు, కుమారుడు కోనార్క్ గిటారు విద్వాంసుడు. 2006 మే 6న బెంగళూరులోనే పఠాభి కన్ను మూశారు. ఎనభై ఏడేళ్ళు.

ఆయన మనవాడేనా?

ఇక పెద్దాయన అడిగిన ప్రశ్న. కన్నడ సినిమా తీసినవాడు మనవాడెలా అవుతాడు?

మా ఇంటినే చూడండి. మేము లెక్కలు వేసేది తమిళంలో. కోపం వస్తే తిట్టేదీ తమిళంలోనే. ఉద్యోగంలో ముప్పై ఎనిమిదేళ్ళు ఇంగ్లీషు ఫారాలు నింపాం. మా మనవరాలు బెంగళూరులో పుట్టి, బడిలో కన్నడం రెండో భాషగా చదువుతోంది. ఫోనులో “తాతా, ఊట ఆయ్తా?” అంటుంది. మేము మనవాళ్ళం కాదా? మన సంఘంలో ఎంతమందికి తెలుగు చదవడం వచ్చు? ఇది కూడా కొందరికి వాళ్ళ పిల్లలో, పక్కవాళ్ళో చదివి వినిపిస్తారని మాకు తెలుసు. భాష అంటే ఒకే గదిలో తలుపేసుకుని కూర్చోవడమైతే మనలో చాలామంది వాకిట్లోనే నిలబడాలి.

పఠాభి తెలుగును వదిలి పోలేదు. కన్నడంలో సినిమా తీసిన తరువాత కూడా కవిత్వం తెలుగులోనే రాశారు. తాను ఉన్న ఊరి భాషలో ఆ ఊరికి చెప్పవలసిన మాట చెప్పారు. అనంతమూర్తి కథను తన కథ అనుకున్నారు. కన్నడం వాళ్ళు కూడా ఆయనను పరాయివాడని పక్కన పెట్టలేదు. కొత్త కన్నడ సినిమా చరిత్ర ఆయన పేరుతోనే మొదలుపెడతారు. వలస వచ్చి నాలుగైదు తరాలైన మనకు ఇంతకంటే పనికొచ్చే పటం ఏముంది? పుట్టిన భాషను మరవకుండా, ఉన్న చోటికి పరాయి కాకుండా బ్రతకడం ఎలాగో చేసి చూపినవాడు.

కాబట్టి మేము కమిటీకి మూడు మాటలు మనవి చేస్తున్నాం.

ఒకటి. స్విచ్చి బోర్డు పక్కన ఆయన పటం ఒక్కటే కాదు, స్నేహలత గారిది కూడా కలిపి ఒకే ఫ్రేములో పెట్టాలి. ఫ్రేము ఖర్చు మాది.

రెండు. పటం పెట్టే రోజు ఉపన్యాసాలు తగ్గించి, హాలులో తెర కట్టి ‘సంస్కార’ వేయాలి. కన్నడం వచ్చినవాళ్ళు పక్కన కూర్చుని మిగిలినవాళ్ళకు చెప్పాలి. మనలో కన్నడం వచ్చినవాళ్ళకు కొరవ లేదు.

మూడు. అంత్యక్రియల నిధి నియమాలలో “రక్తసంబంధీకులకు మాత్రమే” అన్న మాట ఇప్పటికీ అలాగే ఉంది. మేమే టైపు చేయించిన కాగితం అది, అందుకని మేమే అడుగుతున్నాం. దాన్ని కొట్టేసి, “పోయినవారిని చూసుకున్నవారికి” అని రాయాలి. చందా బాకీ ఉంటే తరువాత లెక్క చూసుకోవచ్చు. శవం వాకిట్లో ఉండగా రసీదు పుస్తకం తెరవకూడదు.

మొదటి రెండూ కుదరకపోయినా మాకు బాధ లేదు. పటం లేకపోతే పఠాభికి వచ్చే నష్టం ఏమీ లేదు. మూడోది మాత్రం వచ్చే సర్వసభ్య సమావేశంలో ఓటుకు పెట్టండి. ఆ మెకానిక్కు వీధిలో ఆమె ఇంకా ఉంది. పోయిన వారం వెళ్ళి చూసి వచ్చాం. మమ్మల్ని గుర్తు పట్టింది. కూర్చోమని కాఫీ ఇచ్చింది. దేనికి వచ్చామో మేము చెప్పలేకపోయాం. ఆమె కూడా అడగలేదు.